పోపుల సొరుగులో నోటీసు

తూర్పు లండన్ నుంచి ఒక పాఠకురాలు నాలుగు పేజీల ఉత్తరం రాశారు. పేరు వేయవద్దన్నారు. గుర్తుపట్టే వివరాలు తీసేసి సారాంశం ఇస్తున్నాను.

ఆమెకు ముప్పై నాలుగేళ్లు, ఏడేళ్ల పాప ఉంది. భర్త సాఫ్ట్‌వేర్ ఉద్యోగి, రోజూ రైల్లో వెళ్లి వస్తారు. ఆమె రెండుసార్లు తప్పి, మూడోసారి డ్రైవింగ్ పరీక్ష నెగ్గి ఎనిమిది నెలలైంది. కారు భర్త పేరు మీదే ఉన్నా నడిపేది ఎక్కువగా ఆమే. పాప బడికి, సరుకులకు, తాను పని చేసే నర్సరీకి అందులోనే తిరుగుతారు. విశాఖపట్నంలో ఆర్టీసీ డ్రైవరుగా చేసి రిటైరైన మామగారు రెండు నెలల క్రితం వచ్చారు. కోడలు కారు తీస్తే చాలు, ఆయన చొక్కా మార్చుకుని వచ్చి ముందు సీట్లో కూర్చునేవారట.

ఒక సాయంత్రం వెనక అంబులెన్స్ సైరన్ వినిపించింది. ‘ఎడమకు తియ్యమ్మా, దారి ఇవ్వు’ అన్నారు మామగారు. ఎడమవైపు ఖాళీగా ఉన్నది బస్సులకే కేటాయించిన వరుస, అంటే బస్సు లేన్. తీశారు. అంబులెన్స్ వెళ్లిపోయింది కానీ కుడివైపు వరుసలోకి మళ్లీ ఎవరూ రానివ్వలేదు. వంద గజాల దాకా బస్సు లేన్‌లోనే వెళ్లాల్సి వచ్చింది. పది రోజులకు కౌన్సిల్ నుంచి జరిమానా నోటీసు వచ్చింది. 160 పౌండ్లు, పద్నాలుగు రోజుల్లో కడితే 80. భర్త ఒక్క నిమిషంలో ఫోనులోనే 80 కట్టేశారు. ‘అంబులెన్స్ వచ్చిందని చెబుతున్నా కౌన్సిల్ కెమెరా వీడియో చూడలేదు. పోతే పోయింది, ఇక నాన్న మాట విని నడపకు అన్నారు. మామయ్యగారు పక్క గదిలోనే ఉన్నారు. ఆ రోజు నుంచి ఆయన వెనక సీట్లో కూర్చుంటున్నారు.’

రెండోది ఒక ఆదివారం ఉదయం ఎనిమిదింటికి. రోడ్డు ఖాళీగా ఉంది. ఆదివారం బస్సు లేన్ ఉండదనుకుని అందులో వెళ్లారు. ఆ నోటీసు వచ్చినప్పుడు భర్త ఇంట్లో లేరు. ఆమె దాన్ని వంటింట్లో పోపు సామాను పెట్టే సొరుగులో, అన్నిటికంటే అడుగున పెట్టారు. పద్నాలుగు రోజులు గడిచాయి, ఇరవై ఎనిమిదీ గడిచాయి. నాలుగు రోజుల క్రితం ఇంకో కవరు వచ్చింది. మొత్తం ఇప్పుడు 240 పౌండ్లు.

మూడోది ఎడమవైపు సందులోకి తిరగడానికి, బస్సు లేన్ గీత ముగియకముందే అందులోకి రావడం. ఈ కవరు భర్తే చించారు. తలుపు పక్కన కొక్కేనికి ఉండే కారు తాళాలు తీసి తన సంచిలో వేసుకున్నారు. ‘లైసెన్సు మీద పాయింట్లు పడతాయి, ఆరు దాటితే లైసెన్సే పోతుంది, ఇన్సూరెన్స్ పెరుగుతుంది, శాశ్వత నివాసానికి దరఖాస్తు చేసేటప్పుడు ఇవన్నీ బయటికి వస్తాయి’ అన్నారు. ఇది చాలదన్నట్టు ఒక స్నేహితురాలు, రెండో నోటీసు అసలు అందలేదని ప్రమాణపత్రం ఇస్తే కేసు మళ్లీ మొదటికి వస్తుందని సలహా ఇచ్చారు. ఆమె ప్రశ్నలు రెండు. నా నర్సరీ జీతంతో ఎవరికీ తెలియకుండా 240 కట్టేయనా? డ్రైవింగ్ మానెయ్యనా?

నా సమాధానం.

ముందు భయాల లెక్క తేల్చుకుందాం. లండన్‌లో బస్సు లేన్‌కు కౌన్సిల్ పంపేది పౌర జరిమానా. ఇందులో పోలీసులు లేరు, నేరం లేదు, పాయింట్లు లేవు. మీ వారు చెప్పిన ఆరు పాయింట్ల నిబంధన నిజమే. పరీక్ష నెగ్గిన రెండేళ్లలోపు ఆరు పాయింట్లు పడితే లైసెన్సు రద్దవుతుంది, లెర్నర్ దశ నుంచి మళ్లీ మొదలుపెట్టాలి. కానీ ఆ పాయింట్లు వేగం మీరినందుకో, ఎర్ర దీపం దాటినందుకో, ఫోను పట్టుకుని నడిపినందుకో పడతాయి. ఫోను ఒక్కసారి పట్టుకుంటే చాలు, ఒకేసారి ఆరూ పడతాయి. మీ మూడు నోటీసులకూ కలిపి పడ్డ పాయింట్లు సున్నా. ఇన్సూరెన్స్ వారు అడిగేది నేరశిక్షలూ పాయింట్లూ కాబట్టి అక్కడ చెప్పాల్సింది కూడా ఏమీ లేదు. వీసా సంగతికొస్తే, కట్టేసిన బస్సు లేన్ జరిమానా నేరశిక్ష కాదు. దరఖాస్తులో ఏదైనా ప్రశ్న దగ్గర సందేహం వస్తే గుర్తింపు ఉన్న ఇమిగ్రేషన్ సలహాదారుకు చూపించండి. వాట్సాప్ బృందంలో అడగకండి.

ఇక మీ ఉత్తరంలో మీరు గమనించని మాట ఒకటి ఉంది. నడిపింది మీరు, నోటీసు మాత్రం ఆయన పేరు మీద వచ్చింది. ఇది కౌన్సిల్ పొరపాటు కాదు. కెమెరాకు కనిపించేది నంబరు ప్లేటు. చట్టం పట్టుకునేది ఆ నంబరు ఎవరి పేరు మీద ఉందో వారిని. స్టీరింగ్ పట్టుకున్నది ఎవరన్నది ఇక్కడ లెక్కలోకి రాదు. అంటే మీరు దాచింది మీ జరిమానా కాదు, ఆయన జరిమానా. అభ్యంతరం రాయాలన్నా ఆయన పేరుతో, లేదా ఆయన అనుమతితో మీరు రాయాలి. రేపు కట్టకపోతే బాకీ వసూలు చేసే బెయిలిఫ్‌లు అడిగేదీ ఆయన్నే. భర్తకు చెప్పాలా వద్దా అన్నది ఇంటి నీతికి సంబంధించిన ప్రశ్నని మీరు అనుకుంటున్నారు. ఆయనకు చెప్పకుండా మీరు వేయగలిగిన అడుగులు చాలా తక్కువ అన్నది చట్టం చెబుతున్న మాట.

ఇప్పుడు కవర్లను విడివిడిగా చూద్దాం. మీరూ మీ వారూ మూడింటినీ కట్టగట్టి ‘నీకు డ్రైవింగ్ రాదు’ అన్న ఒకే మాటగా చదువుతున్నారు. అవి మూడు వేర్వేరు సంగతులు.

మొదటిది ముగిసింది. కట్టగానే కేసు మూసేస్తారు, తర్వాత అభ్యంతరం రాయడానికి ఉండదు. బాధగానే ఉంటుంది. ఎందుకంటే మూడింటిలో పోరాడటానికి అన్నిటికంటే గట్టి కారణం ఉన్నది దానికే. అయితే తప్పకుండా గెలిచేవారని చెప్పను. బ్రిటన్ హైవే కోడ్ 219వ నియమం అంబులెన్స్ వస్తే కంగారు పడవద్దు, దారి ఇవ్వండి, కానీ రోడ్డు మీది గుర్తులన్నిటినీ పాటిస్తూనే ఇవ్వండి అంటుంది. అంటే సైరన్ వినిపించినా ఎర్ర దీపం దాటకూడదు, అమల్లో ఉన్న బస్సు లేన్‌లోకి దూరకూడదు. అంబులెన్స్ నడిపేవారికి మన చుట్టూ తిరిగి వెళ్లే శిక్షణ ఉంటుంది. అవసరమైతే వారే బస్సు లేన్‌లోంచి వెళ్తారు, అది వారికి తెరిచే ఉంటుంది. ఆలోచించి చూడండి, మీరు ఎడమకు తీసినప్పుడు అంబులెన్స్ వెళ్లాలనుకున్న దారి బహుశా అదే అయి ఉండవచ్చు. అయినా వీడియోలో వెనక నీలి దీపాలు కనిపిస్తే చాలా కౌన్సిళ్లు దాన్ని పరిగణనలోకి తీసుకుంటాయి. చిక్కల్లా అంబులెన్స్ వెళ్లాక సాగిన వంద గజాలతోనే.

మీ మామగారి సలహాను ఇక్కడి నియమంతో తూచి తప్పు పట్టడం తేలిక. ఆయన వచ్చిన చోట అంబులెన్స్‌కు దారి ఇవ్వకపోతే, 2019లో సవరించిన మోటారు వాహనాల చట్టం ప్రకారం పదివేల రూపాయల జరిమానా. బతుకంతా బస్సు నడిపిన మనిషికి సైరన్ వినగానే చెయ్యి ఎడమకు తిరుగుతుంది. విశాఖ బీఆర్‌టీఎస్ రోడ్డులో బస్సుల కోసం కట్టిన దారిలోకి కార్లూ బైకులూ దూరడం ఆయన ఎన్నిసార్లు చూసి ఉంటారో. గీత ఉన్నా కెమెరా చూడని దారి అది. ఇక్కడి గీతకు కళ్లున్నాయి, అంతే తేడా.

రెండోదానికి వద్దాం. దీంట్లో మీది తప్పే, నొచ్చుకోకండి. బస్సు లేన్ మొదట్లో నీలం పలక ఉంటుంది. దాని మీద బస్సు, సైకిల్, చాలాచోట్ల టాక్సీ అన్న మాట ఉంటాయి. టాక్సీ అంటే నల్ల క్యాబ్, యాప్‌లో పిలిచే కారు కాదు. ఆ బొమ్మల కింద వేళలు రాసి ఉంటే ఆ వేళల్లోనే లేన్ బస్సులది, మిగతా సమయంలో మీరూ వెళ్లవచ్చు. కింద ఏమీ రాసి లేకపోతే? కొత్తవారిలో ఎక్కువమంది ఇక్కడే పడతారు. ఏమీ రాయలేదంటే ఇరవై నాలుగు గంటలూ, ఏడు రోజులూ అని అర్థం. మీ బడి దారిలో ఉన్నది సాయంత్రం నాలుగు నుంచి ఏడు వరకు ఉండే లేన్ అని రాశారు. ఆ అలవాటుతో ఈ పలక కింది ఖాళీని మీరు ‘ఆదివారం లేదు’ అని చదువుకున్నారు. పైగా లండన్‌లో ఎర్రగీతల పెద్ద రోడ్ల మీద చాలా బస్సు లేన్‌లను 2020 డిసెంబరులో ప్రయోగంగా ఇరవై నాలుగు గంటలవి చేసి, మరుసటి ఏడాది శాశ్వతం చేశారు. పదేళ్లుగా ఇక్కడ నడుపుతున్నవారు కూడా పాత జ్ఞాపకంతో వెళ్లి ఇరుక్కున్నారు.

నేనూ ఆ బాపతే. కొన్నేళ్ల క్రితం ఒక కౌన్సిల్ నుంచి ఇలాంటి కవరే వస్తే, పలకకు చెట్టుకొమ్మ అడ్డుగా ఉందని వాదిద్దామని ఫోటో తీయడానికి ప్రత్యేకంగా వెళ్లాను. కొమ్మ ఉంది, నిజమే. పలకకు రెండు గజాల అవతల ఉంది. పలక ఎండలో తళతళ మెరుస్తోంది. నోరు మూసుకుని సగం జరిమానా కట్టాను.

రెండో నోటీసుకు ఆ సగం దారి మీకు మూసుకుపోయింది. ఇప్పుడు వచ్చిన కవరు, గడువులో కట్టలేదని యాభై శాతం పెంచిన ఉత్తరం. దీనికి పద్నాలుగు రోజుల గడువు ఉంటుంది. అది దాటితే కౌన్సిల్ ఆ బాకీని నార్తాంప్టన్‌లోని కోర్టు కేంద్రంలో నమోదు చేయిస్తుంది, కోర్టు రుసుము తోడవుతుంది. అప్పటికీ కట్టకపోతే బెయిలిఫ్‌లకు అప్పగిస్తారు. వారు ఉత్తరం రాసినందుకు ఒక రుసుము, గడప తొక్కినందుకు రెండు వందల పౌండ్లకు పైగా ఇంకో రుసుము. అప్పుడు 240 చవకగా కనిపిస్తుంది.

మీ ముందున్న దారులు చెబుతాను. ఒకటి, ఈ వారమే 240 కట్టేయడం. కథ అక్కడితో ఆగుతుంది. రెండు, కౌన్సిల్‌కు ఉత్తరం రాసి, ఆలస్యం ఎందుకైందో ఉన్నదున్నట్టు చెప్పి, 160 తీసుకోమని అడగడం. ఒప్పుకోవాలన్న నిర్బంధం వారికి లేదు. ఒప్పుకోకపోవడమే ఎక్కువ. పైగా జవాబు కోసం చూస్తూ పద్నాలుగు రోజులూ దాటిస్తే ఉన్నదీ పోతుంది. అడిగితే అడగండి, గడువుకు రెండు రోజుల ముందు మాత్రం కట్టేయండి. మూడోది మీ స్నేహితురాలి సలహా. కోర్టులో నమోదయ్యాక నోటీసు అందలేదని ప్రమాణం చేసే పత్రం ఒకటి ఉన్న మాట నిజమే. అది నిజంగా అందనివారి కోసం. మీ ఇంటికి అది అందింది, పోపుల సొరుగులో ఉంది. ఆ ప్రమాణం కూడా మీరు చేస్తే కుదరదు, మీ వారు చేయాలి. ఆయనకు సంగతి చెప్పి చేయించారా, తెలిసి అబద్ధపు ప్రమాణం చేసినట్టే. చెప్పకుండా చేయించారా, ఆయన్ను అబద్ధంలోకి దింపినట్టే. నేరం కాని జరిమానాను తీసుకెళ్లి నేరం చేసుకోవడమంటే ఇదే. శాశ్వత నివాసం గురించి నిజంగా భయపడాల్సింది ఈ సలహాకే.

మూడో నోటీసు ఇంకా తాజాగా ఉంది. దీన్ని చూడకుండా కట్టకండి, చూడకుండా పోరాడకండి కూడా. నోటీసు నంబరు, కారు నంబరు ఇస్తే కౌన్సిల్ వెబ్‌సైటులో వీడియో కనిపిస్తుంది. కంప్యూటర్ మీద, పెద్ద తెర మీద చూడండి. సందు దగ్గరికి వచ్చేసరికి బస్సు లేన్ లావు తెల్లగీత ముక్కలు ముక్కలుగా మారుతుంది. ఎడమకు తిరిగేవారు దాటాల్సింది ఆ ముక్కల గీత దగ్గరే. మీ ముందు చక్రం గీతను ఎక్కడ తాకింది? ముక్కలు మొదలవడానికి ఒక కారు పొడవు ముందా, అయిదు కార్ల ముందా? వెనక బస్సేమైనా బ్రేకు వేయాల్సి వచ్చిందా? ఒకటి రెండు క్షణాలు, కొన్ని గజాలు, ఏ బస్సుకూ అడ్డం రాలేదు అంటే అది అతి స్వల్పమైన తప్పు, దాన్ని పట్టించుకోవద్దు అని వాదించవచ్చు. ఆ వాదన విని నోటీసు కొట్టేసిన న్యాయనిర్ణేతలు ఉన్నారు, వినని వారూ ఉన్నారు. వరుస కదలడం లేదని నలభై గజాల ముందే దూరి ఉంటే మాత్రం వాదించడానికి ఏమీ లేదు, 80 కట్టేయండి.

పోరాడాలనుకుంటే పద్నాలుగు రోజుల లోపలే అభ్యంతరం రాయండి. లండన్‌లో గడువు ఇరవై ఎనిమిది రోజులు ఉన్నా ఆగకండి. చాలా కౌన్సిళ్లు మొదటి పద్నాలుగు రోజుల్లో వచ్చిన అభ్యంతరాన్ని తోసిపుచ్చినా సగం ధరను మళ్లీ ఇస్తాయి. మీ కౌన్సిల్ ఇస్తుందో లేదో నోటీసు వెనక చూడండి. అక్కడా కాదంటే లండన్ ట్రిబ్యునల్స్ అనే స్వతంత్ర సంస్థ ఉంది. అప్పీలుకు రుసుము లేదు, ఫోనులో కూడా వింటారు. కానీ అక్కడికి వెళ్లారంటే 80 పోయినట్టే. ఓడితే 160 కట్టాలి. ఆ 80 తేడా మీ మనశ్శాంతికి ఎంత విలువో మీరే లెక్కేసుకోండి. న్యాయం మన వైపు ఉన్నా ఓపిక లేనప్పుడు సగం కట్టి ఊరుకోవడం పిరికితనమేమీ కాదు. రోజులు మాత్రం నోటీసు తేదీ నుంచి లెక్కపెట్టండి, కవరు చించిన రోజు నుంచి కాదు.

ఇక తాళాల సంగతి. రహస్యంగా 240 కట్టేస్తే ఏమవుతుందో ముందు చెబుతాను. డబ్బుకు సంబంధించి ఏమీ కాదు, సమస్య తీరుతుంది. కానీ కౌన్సిల్ ఉత్తరాలన్నీ ఆయన పేరు మీదే వస్తాయి. మీరు కట్టడానికి ఒక రోజు ముందు బయల్దేరిన కాగితం మీరు కట్టిన మర్నాడు గుమ్మంలో పడవచ్చు. శనివారం టపా తీసేది ఎవరు? ఇది కాకుండా, ‘నువ్వు దాస్తావు’ అనే మాట ఆయన చేతికి అందించినట్టవుతుంది. ‘నువ్వు సరిగ్గా నడపవు’ అన్న మాటకు జవాబు చెప్పగలరు. ‘దాస్తావు’ అన్న మాటకు జవాబుండదు.

చెప్పాలనుకుంటే ఏడుస్తూ చెప్పకండి, కాగితాలతో చెప్పండి. మూడూ బల్ల మీద పరచండి. ఇది ముగిసింది, ఇది నా తప్పు, దాచింది కూడా నేనే, ఫలానా రోజు నా జీతంలోంచి కడుతున్నాను, దీని వీడియో ఇద్దరం చూద్దాం, సంతకం మీరు పెట్టాలి. కోపం వస్తుంది, రానివ్వండి. ఆ కోపంలో ఆయన పాయింట్ల మాట ఎత్తితే సున్నా అని చెప్పండి. ఎనభై పౌండ్లు కట్టినంత తేలిగ్గా తన తండ్రిని ఆ మాట అనకుండా ఉండాల్సిందని చెప్పాలో వద్దో మీ ఇష్టం. నేనైతే చెబుతాను, కానీ మరోరోజు.

తాళాలు మళ్లీ కొక్కేనికి రావడానికి గడువు ఒకటి అడగండి. రెండు వారాలు ఆయన పక్కన కూర్చుంటే మీరు నడపడం ఒక దారి. దీనివల్ల ఆయనకు నమ్మకం వస్తుంది, మీకు పరీక్ష రోజులు గుర్తొచ్చి ఒళ్లు మండుతుంది. డ్రైవింగ్ బడి మాస్టరు దగ్గర రెండు గంటలు, మీరు రోజూ తిరిగే రోడ్ల మీదే, పలకలు చదవడం కోసమే తీసుకోవడం ఇంకో దారి. ఖర్చవుతుంది కానీ తీర్పు చెప్పేది భర్త కాదు. మానెయ్యడం కూడా ఒక దారే, కాదనను. అప్పుడు పాపను రెండు బస్సులు మార్చి బడికి తీసుకెళ్లేది ఎవరో, మామగారిని కంటి ఆసుపత్రికి ఎవరు తీసుకెళ్తారో మీ వారే చెప్పాలి. ఎనిమిది నెలలకే మానేసినవారు మళ్లీ స్టీరింగ్ పట్టడం కష్టమని నా చుట్టూ చూసి చెబుతున్నాను.

కారును మీ పేరు మీదకు మార్చుకుంటే నోటీసులు మీకే వస్తాయి కదా అని కూడా అడిగారు. మార్చుకోవచ్చు, బాధ్యత కూడా మీకే వస్తుంది. దానికంటే ముందు ఇన్సూరెన్స్ కాగితం తీసి చూడండి. రోజూ నడిపేది మీరై ఉండి, ప్రీమియం తగ్గుతుందని ప్రధాన డ్రైవరుగా ఆయన పేరు రాసి ఉంటే అది మోసం కిందికి వస్తుంది. ప్రమాదం జరిగిన రోజున కంపెనీ చేతులెత్తేయవచ్చు. మూడు బస్సు లేన్ నోటీసుల కంటే ఇది పెద్ద సంగతి. సరిచేయించుకోండి.

మీ మామగారి గురించి మీరు సలహా అడగలేదు, అయినా రాస్తున్నాను. మూడో నోటీసు వీడియో ఆయనకు కూడా చూపించండి. పెద్ద బండిని సందుల్లో తిప్పిన చెయ్యి అది. చక్రం గీతను ఎక్కడ తాకిందో మీ ఇద్దరికంటే ఆయనకే ముందు కనిపిస్తుంది. తర్వాత తాళాలు వచ్చిన రోజున ఆయన్ను ముందు సీట్లో కూర్చోమని, మీరు రోడ్డు చూస్తుంటే ఎడమవైపు వచ్చే నీలం పలకలు పైకి చదవమని అడగండి. అక్షరాలు ఇంగ్లీషువైనా అంకెలు అంకెలే. బొమ్మ కింద ఏమీ లేకపోతే ‘ఏమీ లేదమ్మా’ అంటారు. మీరు కుడివైపు వరుసలోనే ఉండండి.